నక్షత్ర గుచ్ఛాలు, నీహారికలు, గెలాక్సీలు: విజయవాడ, గుంటూరు నుంచి చూసేవారు తరచుగా అడిగే ప్రశ్నలు

వానలు వెనకబడి కార్తీకం మొదలవగానే అవే సందేహాలు మళ్లీ మళ్లీ వస్తుంటాయి. వాటికి జవాబులన్నీ ఇక్కడ ఒకచోట చేర్చాం. మీకు కావలసిన ప్రశ్న దగ్గరికి నేరుగా వెళ్లొచ్చు. ఎత్తులన్నీ విజయవాడ అక్షాంశానికి, అంటే 16.5 డిగ్రీలకు లెక్కగట్టినవి. గుంటూరుకు వచ్చే తేడా పావు డిగ్రీ లోపే కాబట్టి అక్కడా ఇవే సరిపోతాయి.

## మొదలుపెట్టే ముందు

గెలాక్సీ, నీహారిక, నక్షత్ర గుచ్ఛం... ఈ మూడింటికీ తేడా ఏంటి?

ఒకే మేఘంలోంచి పుట్టి ఇంకా కలిసే ఉన్న నక్షత్రాల గుంపు నక్షత్ర గుచ్ఛం. ఇందులో రెండు రకాలున్నాయి. కృత్తికల్లా విడివిడిగా చెదిరి ఉండేవి వివృత గుచ్ఛాలు. వీటిలో వందల నుంచి కొన్ని వేల నక్షత్రాలుంటాయి, వయసు కూడా తక్కువే. లక్షల నక్షత్రాలు బంతిలా ముద్దకట్టి ఉంటే అది గోళాకార గుచ్ఛం. వీటిలో చాలావాటి వయసు వెయ్యి కోట్ల సంవత్సరాల పైమాటే.

నీహారిక అంటే వాయువు, ధూళి కలిసిన మేఘం. కొన్ని నీహారికల్లో నక్షత్రాలు పుడుతుంటాయి. మరికొన్ని చచ్చిపోయిన నక్షత్రం విడిచిన పొరలు. మనం చూసే గుచ్ఛాలు, నీహారికలు దాదాపు అన్నీ మన పాలపుంత లోపలివే.

గెలాక్సీ అంటే పాలపుంత లాంటిదే ఇంకొకటి, దాని నక్షత్రాలతో, గుచ్ఛాలతో, నీహారికలతో సహా. పాత పుస్తకాల్లో 'ఆండ్రోమెడా నీహారిక' అని కనిపిస్తే కంగారు పడకండి. అది బయటి గెలాక్సీ అని తేలింది 1923లో ఎడ్విన్ హబుల్ అందులో ఒక సెఫీడ్ రకం నక్షత్రాన్ని (వెలుగు క్రమంగా పెరుగుతూ తగ్గుతూ ఉండేది) పట్టుకుని దూరం లెక్కగట్టాకే. అంతకుముందు మబ్బులా కనిపించేవాటిలో చాలావాటిని నీహారిక అనేసేవారు.

ఎం31, ఎం42 అంటున్నారు, ఈ 'ఎం' ఏంటి?

ఫ్రాన్సుకు చెందిన చార్లెస్ మెస్సియే పేరులోని మొదటి అక్షరం. ఆయన తోకచుక్కలు వెతికేవాడు. తోకచుక్కలా మసకగా ఉండి కదలకుండా తనను మోసం చేసేవాటిని 18వ శతాబ్దంలో జాబితా కట్టాడు. తర్వాతివారు చేర్చినవాటితో కలిపి ఇప్పుడు 110 ఉన్నాయి. ఆయన వెతకకుండా పక్కన పెట్టిన జాబితానే ఇవాళ మనం వెతికి మరీ చూస్తున్నాం. మన అక్షాంశం నుంచి ఈ 110 కూడా అందుతాయి. యూరప్ ఉత్తర దేశాలవారికి ఆ వీలు లేదు.

ఫొటోల్లో ఎరుపు, నీలం రంగులుంటాయి. నాకు బూడిద రంగే కనిపించింది. టెలిస్కోపు మంచిది కాదా?

టెలిస్కోపు లోపం కాదు. మసక వెలుగులో మన కంట్లో పనిచేసేవి దండ కణాలు, వాటికి రంగు తెలియదు. కెమెరా నిమిషాల తరబడి, గంటల తరబడి వెలుగును పోగుచేసుకుంటుంది. కన్ను సెకనులో చిన్న భాగం పాటే పోగుచేయగలదు. అందుకే ఎనిమిది అంగుళాల టెలిస్కోపులో కూడా ఆండ్రోమెడా బూడిద మబ్బే. ఒరాయన్ నీహారిక (ఎం42) ఒక్కటి, చీకటి చోట పెద్ద అద్దమున్న టెలిస్కోపుతో చూస్తే లేత ఆకుపచ్చగా అనిపించవచ్చు, ఎందుకంటే అది ఆక్సిజన్ వెలుగు విడిచే రంగు, మసకలో కంటికి బాగా అందే రంగు కూడా. నక్షత్రాల రంగులు మాత్రం కంటికే తెలుస్తాయి. జ్యేష్ఠ ఎరుపు, చిత్త తెల్లటి నీలం.

అసలు కంటితో చూడగలిగే అతి దూరపు వస్తువు ఏది?

చాలామందికి ఆండ్రోమెడా గెలాక్సీయే (ఎం31). దూరం సుమారు 25 లక్షల కాంతి సంవత్సరాలు. ఒక్క కాంతి సంవత్సరమే 9.46 లక్షల కోట్ల కిలోమీటర్లు. ఈ రాత్రి మీ కంట్లో పడే ఆ వెలుగు బయల్దేరేనాటికి భూమ్మీద మన జాతి మనిషి ఇంకా పుట్టలేదు.

ఆండ్రోమెడా వచ్చి మన పాలపుంతను ఢీకొంటుందట, నిజమేనా?

దగ్గరికి వస్తున్న మాట నిజం. దాదాపు 450 కోట్ల సంవత్సరాల తర్వాత ఢీకొనడం ఖాయమని చాలాకాలం చెప్పారు. 2025లో వచ్చిన లెక్కల్లో, చుట్టూ ఉన్న గెలాక్సీల ఆకర్షణను కూడా కలిపి చూస్తే, వచ్చే వెయ్యి కోట్ల సంవత్సరాల్లో అవి కలిసిపోయే అవకాశం సగానికి సగమే అని తేలింది.

## ఎప్పుడు చూడాలి

రోహిణి కార్తెలో రోహిణి నక్షత్రం కనిపించదేం?

కార్తె అంటే సూర్యుడు ఆ నక్షత్రం దగ్గర ఉన్న రోజులు. రోహిణి కార్తె మే 25 ప్రాంతంలో మొదలవుతుంది. అప్పుడు రోహిణి సూర్యుడితోనే ఉదయించి సూర్యుడితోనే అస్తమిస్తుంది, కాబట్టి రాత్రి ఆకాశంలో ఉండదు. ఏ నక్షత్రమైనా దాని కార్తెకు ఆరు నెలల తర్వాత రాత్రంతా కనిపిస్తుంది. రోహిణిని, దాని వెనకున్న హయడీస్ గుచ్ఛాన్ని చూడాలంటే నవంబరు చివర, డిసెంబరు సరైన సమయం. ఆ 'వి' ఆకారపు గుచ్ఛం సుమారు 150 కాంతి సంవత్సరాల దూరంలో ఉంది. రోహిణి అందులోది కాదు. 65 కాంతి సంవత్సరాల దూరంలోనే ఉండి, మన చూపు వరసలో మాత్రం దాని ముందు పడింది.

ఇంట్లో క్యాలెండరు చూసి ఏ నెలలో ఏది కనిపిస్తుందో చెప్పొచ్చా?

చెప్పొచ్చు. ఇంతకంటే సులువైన పద్ధతి మన దగ్గర ఇంకొకటి లేదు. తెలుగు నెల పేరు, ఆ నెల పౌర్ణమికి చంద్రుడు ఏ నక్షత్రం దగ్గరుంటాడో దాన్నిబట్టి వచ్చింది. అంటే ఆ నక్షత్రం ఆ నెలలో రాత్రంతా ఆకాశంలో ఉంటుంది. పౌర్ణమినాడు అర్ధరాత్రికి అది అత్యంత ఎత్తుకొస్తుంది, అయితే వెన్నెల చుట్టుపక్కల మసక వస్తువుల్ని మింగేస్తుంది. అదే నెల చివరి అమావాస్యకు దాదాపు పదకొండింటికే ఆ ఎత్తుకొస్తుంది, పైగా వెన్నెల ఉండదు. కాబట్టి చూడవలసింది నెలాఖరు అమావాస్య చుట్టుపక్కల రాత్రులు.

కార్తీకంలో కృత్తికలు (మన పల్లెల్లో పిల్లల కోడి అంటారు), వాటితోపాటు సాయంత్రం పూట ఆండ్రోమెడా గెలాక్సీ, పర్సియస్ జంట గుచ్ఛం. మార్గశిరంలో మృగశిరను ఆనుకుని ఉన్న ఒరాయన్ నీహారిక. పుష్యంలో పుష్యమి, మన పెద్దలు పుష్యమి అన్న చోటే ఎం44 అనే గుచ్ఛం ఉంది. మాఘ, ఫాల్గుణాల్లో మఖ, పుబ్బ, ఉత్తర నక్షత్రాలున్న సింహరాశి, అందులోని గెలాక్సీలు. చైత్రంలో చిత్త చుట్టూ కన్యారాశి గెలాక్సీలు. వైశాఖంలో ఒమెగా సెంటారీ గోళాకార గుచ్ఛం తొమ్మిది, పదింటికల్లా దక్షిణాన నిలబడుతుంది. జ్యేష్ఠంలో జ్యేష్ఠ నక్షత్రం పక్కనే ఎం4 గోళాకార గుచ్ఛం. ఆషాఢం నుంచి మబ్బులదే రాజ్యం.

అమావాస్య రోజే వెళ్లాలా? వేరే రోజుల్లో కుదరదా?

చంద్రోదయం రోజుకు సుమారు 50 నిమిషాలు ఆలస్యమవుతుంది. బహుళ సప్తమికి చంద్రుడు రాత్రి 11 దాటాకే వస్తాడు, కాబట్టి అప్పటినుంచి సాయంత్రాలు మీవే. శుద్ధ తదియకు చంద్రుడు 8, 8:30కి అస్తమిస్తాడు, ఆ తర్వాత చీకటి. అంటే నెలలో దాదాపు పది, పదకొండు సాయంత్రాలు పనికొస్తాయి. తెల్లవారుజామున చూసేవారికి లెక్క తిరగబడుతుంది. శుద్ధ పక్షం దశమి దాకా కూడా తెల్లవారుజాము చీకటిగానే ఉంటుంది.

దీపావళి అమావాస్య మాత్రం వదిలేయండి. బాణాసంచా పొగ రాత్రంతా నేలను పట్టుకుని ఉంటుంది. నాలుగు రోజులాగినా చంద్రుడు త్వరగానే అస్తమిస్తాడు, గాలి కూడా తేటపడుతుంది. భోగి తెల్లవారుజాముదీ అదే సమస్య.

పాలపుంత నడిబొడ్డు వానాకాలంలోనే వస్తుంది కదా. మనకు ఇక చూసే యోగం లేదా?

ఉంది, కాకపోతే నిద్ర మానుకోవాలి. ధనుస్సు, వృశ్చికం సాయంత్రం పూట ఎత్తుగా ఉండేది జులై, ఆగస్టుల్లో. అప్పుడు మనకు మబ్బులు. అదే ఆకాశం ఏప్రిల్ 20 ప్రాంతంలో తెల్లవారుజామున నాలుగింటికి, మే నడుమ రెండున్నరకు సరిగ్గా దక్షిణాన ఉంటుంది. పగలంతా వేడికి లేచిన దుమ్ము ఆ వేళకు కొంత సర్దుకుంటుంది. ఎం8 (లగూన్ నీహారిక) 49 డిగ్రీల ఎత్తులో, మూల నక్షత్రానికి ఎడమ పక్క ఎం7 గుచ్ఛం 39 డిగ్రీల ఎత్తులో ఉంటాయి. రెండో అవకాశం అక్టోబరులో. వాన తెరిపిచ్చిన సాయంత్రం ఏడింటికి నైరుతిలో ధనుస్సు ఇంకా 40 డిగ్రీల ఎత్తులో ఉంటుంది. వాన కడిగిన గాలి కావడంతో ఆ గంటసేపు ఆకాశం చలికాలం కంటే తేటగా ఉండే రోజులూ ఉంటాయి.

## ఎక్కడినుంచి చూడాలి

మేడమీద నుంచి ఏమేం కనిపిస్తాయి?

గుచ్ఛాలు చాలావరకు కనిపిస్తాయి. బైనాక్యులర్‌తో కృత్తికలు, పుష్యమి, ఎం7, పర్సియస్ జంట గుచ్ఛం నగరం మధ్యనుంచీ అందుతాయి. ఒరాయన్ నీహారిక కూడా చిన్న మబ్బుమచ్చలా తెలుస్తుంది. గెలాక్సీల దగ్గరే చిక్కు. నక్షత్రం ఒక చుక్క, దాని వెలుగంతా ఒకేచోట ఉంటుంది. గెలాక్సీ వెలుగు చాలా మేర పరుచుకుని ఉంటుంది. ఆండ్రోమెడా పొడవు ఆరు పున్నమి చంద్రుళ్లను పక్కపక్కన పేర్చినంత. వీధిలైట్లతో తెల్లబారిన ఆకాశం ముందు అలాంటి పలచటి వెలుగు కలిసిపోతుంది. పెద్ద టెలిస్కోపు తెచ్చినా రెండూ సమానంగా పెరుగుతాయి, కాబట్టి ఆ తేడా అలాగే ఉంటుంది. అందుకే పరికరం మీద పెట్టే డబ్బులో కొంత ముందుగా పెట్రోలు మీద పెట్టమని అందరికీ చెబుతాం. చీకట్లో 50 మి.మీ. బైనాక్యులర్ చూపించే ఆండ్రోమెడాను బెంజిసర్కిల్ దగ్గర ఎనిమిది అంగుళాల టెలిస్కోపు చూపించలేదు.

విజయవాడ నుంచి చీకటి కోసం ఎటు వెళ్లాలి? గుంటూరు నుంచి?

ముందు 'ఏం చూడాలి' అన్నది తేల్చుకోండి, దారి అదే చెబుతుంది. నగరం వెలుగు ఆకాశంలో గుమ్మటంలా లేస్తుంది. ఆ గుమ్మటం మీ వెనక పడాలి. మీరు చూసే దిక్కున ఉండకూడదు.

ఉత్తరాన ఉండే ఆండ్రోమెడా, పర్సియస్, సప్తర్షి మండలంలోని ఎం81, ఎం82 గెలాక్సీల కోసమైతే విజయవాడవారు మైలవరం దాటి తిరువూరు వైపు వెళ్లాలి. నగరం దక్షిణాన, వెనక ఉంటుంది. అదే చోటుకి ఒమెగా సెంటారీ కోసం వెళ్తే ట్రిప్పు వృథా. అది సరిగ్గా విజయవాడ వెలుగు మీదే నిలబడుతుంది.

దక్షిణాకాశం కోసం గుంటూరువారికి దారి దగ్గర. బాపట్ల దాటి సుమారు తొమ్మిది కిలోమీటర్లలో సూర్యలంక. అక్కడినుంచి దక్షిణం వైపు చూపు మేరంతా సముద్రమే, ఊళ్లు లేవు. దిగంతం దాకా తెరిపి ఉంటుంది. తీరం మీది లైట్లు వీపు వెనక పడేలా, ఇసుక తడి లేని చోట నిలబడాలి. ఉప్పుగాలి లెన్సుల మీద పొర కడుతుంది, చూడనప్పుడల్లా మూత పెట్టండి.

నల్లమల వైపు ఆకాశం చాలా చీకటిగా ఉంటుంది, నిజమే. కానీ అది పులుల అభయారణ్యం. రాత్రి అనుమతి లేకుండా అడవిలోకి దిగకండి.

ఆకాశం ఎంత చీకటిగా ఉందో తెలుసుకునేదెట్లా?

వసంతం, వేసవి సాయంత్రాల్లో అరుంధతిని చూడండి. సప్తర్షుల్లో తోక నడిమి చుక్క వశిష్ఠుడు, ఆయన పక్కన ఆనుకుని ఉన్న చిన్న చుక్క అరుంధతి, ప్రకాశం 4 మాగ్నిట్యూడ్ (ఈ కొలతలో అంకె పెరిగేకొద్దీ చుక్క మసక). అద్దాలు పెట్టుకున్నా కనిపించకపోతే అక్కడ గెలాక్సీల ఆశ వదులుకోవచ్చు. అరుంధతి స్పష్టంగా ఉండి, చుట్టుపక్కల ఇంకా సన్నటి చుక్కలు ఉన్నాయంటే సామాను దించండి.

చలికాలంలో పెగాసస్ చతురస్రం లోపల ఎన్ని చుక్కలున్నాయో లెక్కపెట్టండి. ఒక్కటీ లేదంటే నగరాకాశం. నాలుగైదు ఉంటే ఫరవాలేదు. పది దాటితే మంచి చీకటి.

రాత్రి పొలాల్లో, గట్ల మీద జాగ్రత్తలేమైనా ఉన్నాయా?

చీలమండ దాటే బూట్లు, చేతికర్ర, దోమల మందు. మందు రాసుకున్న చేత్తో లెన్సు ముట్టుకోవద్దు, పైపూత పాడవుతుంది. గట్టు మీద కంటే చదునైన కళ్లం మంచిది. స్థలం ఎవరిదో వెలుగుండగానే వెళ్లి అడగండి. ముగ్గురికి తగ్గకుండా వెళ్లండి.

## పరికరాలు

మొదట ఏం కొనాలి? బైనాక్యులరా, టెలిస్కోపా?

10×50 బైనాక్యులర్. మొదటి అంకె ఎన్నిరెట్లు పెద్దది చేస్తుందో, రెండోది ముందు లెన్సు వ్యాసం మిల్లీమీటర్లలో. దీని చూపు మేర దాదాపు 6.5 డిగ్రీలు. కృత్తికలు మొత్తం ఇందులో పడతాయి, చాలా టెలిస్కోపుల్లో పట్టవు. చేతులు వణుకుతుంటే పడక కుర్చీలో వాలి, మోచేతులు కుర్చీ చేతుల మీద ఆనించండి. వణుకు తగ్గగానే కనిపించే చుక్కల సంఖ్య పెరగడం మీకే తెలుస్తుంది.

ఏడాది గడిచాక టెలిస్కోపు కొనాలనుకుంటే ఆరు లేదా ఎనిమిది అంగుళాల డాబ్సోనియన్ (తిరిగే పీట మీద కూర్చునే అద్దం టెలిస్కోపు). 200 మి.మీ. అద్దం, 7 మి.మీ. దాకా తెరుచుకున్న కంటిపాప కంటే ఎనిమిది వందల రెట్లు ఎక్కువ వెలుగు పట్టుకుంటుంది.

'450 రెట్లు' అని రాసిన టెలిస్కోపు చవగ్గా వస్తోంది, కొనొచ్చా?

వద్దు. లెన్సు వ్యాసాన్ని మిల్లీమీటర్లలో తీసుకుని రెట్టింపు చేయండి, అది దాటితే బొమ్మ మసకే. 60 మి.మీ. లెన్సుకు 120 రెట్లే గరిష్ఠం. పైగా నీహారికలకు, గుచ్ఛాలకు కావలసింది తక్కువ రెట్లే. 1200 మి.మీ. నాభ్యంతరం (ఫోకల్ లెంగ్త్) ఉన్న ఎనిమిది అంగుళాల డాబ్సోనియన్‌లో 25 మి.మీ. ఐపీస్ (కన్ను ఆనించే లెన్సు) 48 రెట్లు ఇస్తుంది. ఎక్కువసేపు అందులోనే చూస్తారు. చవక టెలిస్కోపుల్లో అసలు జబ్బు స్టాండు. ముట్టుకుంటే చాలు ఊగుతుంది.

వేసవిలో టెలిస్కోపు బయటికి తేగానే అద్దం మీద ఆవిరి కమ్ముకుంటోంది. ఎందుకు?

ఏసీ గదిలో పెట్టడం వల్ల. మే నెలలో గదిలో 24 డిగ్రీలకు చల్లబడిన అద్దం, బయట ఉక్కపోత గాలి తగలగానే చల్లటి సీసాలా చెమర్చుతుంది. చూసే రోజు మధ్యాహ్నం నుంచే దాన్ని ఏసీ లేని గదిలో, మూత పెట్టి ఉంచండి. ఆవిరి పట్టాక గుడ్డతో తుడవొద్దు, ధూళి గీతలు పడతాయి. ఫ్యాను గాలికి పెట్టి ఆరనివ్వాలి.

చలికాలంలో సమస్య వేరు. డెల్టాలో రాత్రి పది దాటాక మంచు దిగి ఫైండర్ (గురిచూసే చిన్న టెలిస్కోపు), ఐపీస్, చిన్న అద్దం తడుస్తాయి. పాత యోగా మ్యాటును గొట్టంలా చుట్టి టెలిస్కోపు నోటికి తొడగండి. దాని పొడవు నోటి వ్యాసానికి ఒకటిన్నర రెట్లుండాలి. వాడని ఐపీస్ జేబులో పెట్టుకుంటే ఒంటి వేడికి ఆరిపోతుంది.

కారు డిక్కీలో తీసుకెళ్లాక బొమ్మ సరిగ్గా రావట్లేదు.

గతుకులకు అద్దాల వరస తప్పి ఉంటుంది. ఒక ప్రకాశవంతమైన నక్షత్రాన్ని నడిమధ్యకు తెచ్చి ఫోకస్ కొద్దిగా తప్పించండి. బొంగరం గీతల్లా వలయాలు కనిపిస్తాయి. అవి ఒకే కేంద్రంతో ఉంటే వరస బాగుంది. ఒక పక్కకు గుమిగూడి ఉంటే పెద్ద అద్దం వెనకున్న మూడు మరల్లో ఒకదాన్ని పావు చుట్టు తిప్పి, నక్షత్రాన్ని మళ్లీ మధ్యకు తెచ్చి చూడండి. ఎప్పుడూ ఒక్క మరనే, కొద్దికొద్దిగా.

ఫిల్టరు పెడితే నగరంలోంచి గెలాక్సీలు కనిపిస్తాయా?

కనిపించవు. నెబ్యులా ఫిల్టర్లు ఆక్సిజన్, హైడ్రోజన్ వెలుగు రంగుల్నే లోపలికి వదులుతాయి. ఒరాయన్, లగూన్ నీహారికలకు ఇవి బాగా పనికొస్తాయి. గెలాక్సీల వెలుగు నక్షత్రాల వెలుగే, అన్ని రంగులూ కలిసినది. తెల్లటి ఎల్‌ఈడీ దీపాలదీ అంతే. ఫిల్టరు ఒకదాన్ని ఆపితే రెండోదీ ఆగిపోతుంది.

## ఆకాశం కింద

అందరికీ కనిపిస్తోంది, నాకే కనిపించట్లేదు. కంటి సమస్యా?

ముందు ఫోను జేబులో పెట్టండి. కన్ను చీకటికి అలవాటు పడటానికి 20 నుంచి 30 నిమిషాలు పడుతుంది. ఒక్కసారి తెర వెలిగిస్తే మళ్లీ మొదటికొస్తుంది. టార్చికి ఎర్ర గాజు కాగితం రెండు మూడు మడతలు చుట్టి వాడండి.

తర్వాత ఓరచూపు. మసక వస్తువును సూటిగా చూస్తే మాయమవుతుంది, ఎందుకంటే కంటి నడిమధ్యలో మసక వెలుగును పట్టే కణాలు లేవు. చూపును కొంచెం పక్కకు నిలిపి, ధ్యాస మాత్రం వస్తువు మీద ఉంచండి. పక్కనుంచి మెల్లగా తేలుతుంది. టెలిస్కోపును వేలితో కాస్త కదిపితే ఇంకా తేలిక, కదిలేదాన్ని కన్ను త్వరగా పసిగడుతుంది.

ఆండ్రోమెడాను ఎలా పట్టుకోవాలి?

నవంబరు నడుమ రాత్రి తొమ్మిదింటికి ఉత్తరానికి తిరిగి నిలబడండి. నడినెత్తిన పెద్ద చతురస్రం, పెగాసస్. మన పూర్వాభాద్ర, ఉత్తరాభాద్ర దాని భుజాలే. దాని కుడి వైపు కింది మూల నుంచి కుడికి ఒక మసక చుక్క, ఆ తర్వాత ఒక మంచి చుక్క, దాని పేరు మిరాక్. మిరాక్ దగ్గర మలుపు తిరిగి కిందికి, కొద్దిగా ఎడమకు రండి. ఒక చిన్న చుక్క, ఇంకో చిన్న చుక్క. ఆ రెండోదాని ఎడమ పక్కనే బైనాక్యులర్‌లో కోలగా, నడుమ కాస్త వెలుగుతో, అంచులు ఎక్కడ ముగుస్తాయో తెలియని మబ్బు. ఎత్తు 65 డిగ్రీలు. మెడ నొప్పెడుతుంది, చాప పరుచుకుని పడుకుని చూడటం మేలు.

ఒరాయన్ నీహారికలో ఏం గమనించాలి?

మూడు చుక్కల నడికట్టు కింద వేలాడే కత్తిలో నడిమి చుక్క అదే. జనవరి చివర తొమ్మిదింటికి దక్షిణాన 68 డిగ్రీల ఎత్తు. బైనాక్యులర్‌లో ఆ చుక్క మబ్బు పట్టినట్టుంటుంది. టెలిస్కోపులో 50 రెట్లకు మబ్బు మధ్య నాలుగు నక్షత్రాలు చిన్న ట్రెపీజియంలా విడిపోతాయి. ఆ మేఘమంతా వెలగడానికి ముఖ్య కారణం వాటిలో అన్నిటికంటే ప్రకాశవంతమైనది. వాటి పక్కనే మబ్బులోకి చొచ్చుకొచ్చిన నల్లటి సందు కనిపిస్తుంది. అది ఖాళీ కాదు, ముందు అడ్డుపడ్డ ధూళి. అక్కడే అయిదు నిమిషాలు నిలిపి చూడండి. రెక్కల్లా ఇరుపక్కలా పరుచుకున్న భాగం మెల్లగా పొడవవుతూ వస్తుంది. దూరం సుమారు 1,300 కాంతి సంవత్సరాలు. అంటే వేంగిలో తూర్పు చాళుక్యులు ఏలుతున్న రోజుల్లో బయల్దేరిన వెలుగు అది.

ఒమెగా సెంటారీ మన దగ్గరనుంచి నిజంగా కనిపిస్తుందా?

చక్కగా కనిపిస్తుంది, ఉత్తర భారతంవారి కంటే మనకు ఎత్తుగానే ఉంటుంది. చెయ్యి చాచి పట్టిన పిడికిలి వెడల్పు సుమారు పది డిగ్రీలు. మే నడుమ రాత్రి పదింటికి చిత్త నక్షత్రం దక్షిణాన నిలబడినప్పుడు, దానికి నిట్టనిలువుగా మూడున్నర పిడికిళ్లు కిందికి దిగండి. దిగంతం నుంచి కొలిస్తే రెండున్నర పిడికిళ్ల పైన. చీకటి చోట మామూలు కంటికే మసకబారిన నక్షత్రంలా, బైనాక్యులర్‌లో ముగ్గుపిండి గుండ్రంగా రాలినట్టు ఉంటుంది. ఆరంగుళాల టెలిస్కోపులో ఆ పిండి రేణువులు రేణువులుగా విడిపోతుంది. 17,000 కాంతి సంవత్సరాల దూరంలో దాదాపు కోటి నక్షత్రాలు. పాలపుంతలో ఇంతకంటే పెద్ద గోళాకార గుచ్ఛం లేదు. దాని పైన నాలుగున్నర డిగ్రీల్లో సెంటారస్-ఎ గెలాక్సీ ఉంది, దానికి టెలిస్కోపు, మంచి చీకటి కావాలి.

మెగెలాన్ మేఘాలు చూడాలని ఉంది, సూర్యలంక నుంచి కుదురుతుందా?

కుదరదు. ఇవి నిజానికి మన పాలపుంత పక్కనున్న రెండు చిన్న గెలాక్సీలు. పెద్ద మేఘం అత్యంత ఎత్తుకొచ్చినా దిగంతం పైన నాలుగు డిగ్రీలే, చిన్నది ఒక డిగ్రీ. సముద్రపు ఆవిరి పొర ఆ ఎత్తులో అలాంటి పలచటి వెలుగును మిగల్చదు. బదులుగా అదే తీరం నుంచి ఏప్రిల్ నడుమ తొమ్మిదింటికి కరైనా నీహారిక చూడండి. 14 డిగ్రీల ఎత్తులో బైనాక్యులర్‌కు అందుతుంది.

## ఫోను, కెమెరా

ఫోనుతో పాలపుంత, నీహారికలు తీయొచ్చా?

తీయొచ్చు. ఫోను కదలకుండా ట్రైపాడ్, ప్రో మోడ్, ఫోకస్ అనంతానికి, ఐఎస్‌ఓ 1600 నుంచి 3200, షట్టర్ 10 నుంచి 15 సెకన్లు, మూడు సెకన్ల టైమరు. అంతకంటే ఎక్కువ తెరిస్తే భూమి తిరగడం వల్ల చుక్కలు గీతలవుతాయి. ఫోను జూమ్ వాడొద్దు, ప్రధాన లెన్సుతోనే తీయండి. ఒకే చోటివి 30, 40 ఫొటోలు తీసి సిరిల్ లేదా డీప్‌స్కైస్టాకర్‌లో కలపండి. ఫొటోలు కలిపే ఈ రెండు సాఫ్ట్‌వేర్లూ ఉచితం. కలిపినకొద్దీ గరుకు తగ్గి మసక వెలుగు పైకొస్తుంది. లెన్సు మూసేసి అదే సెట్టింగుతో ఇంకో పది తీసి జతచేస్తే సెన్సరులోని వేడి చుక్కలు పోతాయి.

కెమెరా ఉన్నవారు 50 మి.మీ. లెన్సుతో ఆరేడు సెకన్లకు మించకుండా ఆండ్రోమెడాను వందసార్లు తీసి కలిపి చూడండి. గెలాక్సీ కోల ఆకారం స్పష్టంగా వస్తుంది.

## ఇంటికొచ్చాక

లెన్సు లోపల సాలెగూడులా ఏదో పెరుగుతోంది. ఏంటది?

బూజు. కృష్ణా తీరపు తేమకు, మూసిన పెట్టెలో పెట్టిన లెన్సుకు ఇది తప్పకుండా వచ్చే జబ్బు. తోలు సంచి ఇంకా తేమను పట్టి ఉంచుతుంది. రబ్బరు అంచు మూత ఉన్న ప్లాస్టిక్ డబ్బాలో నీలం సిలికా జెల్ సంచులతో పెట్టండి. అవి గులాబీ రంగుకు తిరిగితే తేమ నిండిందని అర్థం. వంటకు వాడని పాత మూకుడులో సన్నటి సెగ మీద మళ్లీ నీలం వచ్చేదాకా వేడిచేసి, చల్లారాక డబ్బాలో వేయండి. మంచులో తడిసి వచ్చిన పరికరాన్ని మాత్రం అదే రాత్రి డబ్బాలో పెట్టకూడదు. మూత తీసి, గదిలో ఫ్యాను కింద తెల్లారేదాకా ఆరనిచ్చి మర్నాడు సర్దండి.

బూజు మచ్చ అప్పుడే మొదలై, బయటి ముఖం మీదే ఉంటే లెన్సు శుభ్రం చేసే ద్రావకం, మెత్తటి కాగితంతో పోతుంది. లోపలి ముఖం మీదుంటే విప్పకండి. బైనాక్యులర్ రెండు గొట్టాల వరస ఒకసారి తప్పితే ఇంట్లో సరిచేయడం కష్టం, తెలిసిన మరమ్మతువాళ్లకే ఇవ్వండి.